డీఎన్ఏ కిట్‌కి 3 స్టార్లు, అవీ ఒక్క అక్క కోసం

మా ఆయన క్రీ మనిషి, అంటే కెనడాలోని ఒక ఆదివాసీ జాతివారు. పుట్టింది 1974లో, అక్కడి మానిటోబా రాష్ట్రంలో. రెండేళ్లకే ఫోస్టర్ ఇంట్లో పెట్టి, ఆనక అమెరికాకి దత్తత ఇచ్చేశారు. 1950ల నుంచి 80ల దాకా కెనడాలో వేలమంది ఆదివాసీ పిల్లల్ని ఇలాగే తీసుకుపోయారు. దాన్ని సిక్స్‌టీస్ స్కూప్ అంటారు. పిల్లల్ని రాష్ట్రం దాటించడం మానిటోబా ఆపింది 1982లో. అప్పటికే ఈయన వెళ్లిపోయి ఏళ్లయింది.

ఇక కిట్ సంగతి. ఉమ్మి పంపితే మన మూలాలేంటో, చుట్టాలెవరో డీఎన్ఏ చూసి చెప్తుంది. అరగంట ముందు నుంచి ఏమీ తినకూడదు, తాగకూడదు. ట్యూబు మీద గీత దాకా ఉమ్మి నింపాలి, నురగ లెక్కలోకి రాదు. టెన్షన్‌కి నోరెండిపోయి మా ఆయనకి పావుగంట పట్టింది. ఆరు వారాలకి రిజల్ట్: 'ఉత్తర అమెరికా ఆదివాసీ'. అద్దంలో చూసుకున్నా తెలిసేదే! క్రీనా, ఒజిబ్వే అనే ఇంకో జాతా, ఏ ఊరు, ఏమీ లేదు. మ్యాచ్‌లన్నీ, అంటే డీఎన్ఏ కలిసినవాళ్లంతా, దూరపు చుట్టాలే. ఆదివాసీలు శాంపిల్ ఇచ్చేది తక్కువ, నమ్మకం లేక. (మన శాంపిల్ రీసెర్చ్‌కి వాడుకోవచ్చా అని కంపెనీ అడుగుతుంది. మేం వద్దన్నాం.)

ఎనిమిది నెలలకి ఒక 'ఫస్ట్ కజిన్' తగిలింది. ఆవిడ మొదటి మెసేజే "మీ అమ్మ ఎవరు?" మన ఊళ్లో 'ఎవరబ్బాయివి నాయనా' అన్నట్టే. ఈయన దగ్గర జవాబు లేదు. మానిటోబాలో 2015 జూన్ నుంచి దత్తత వెళ్లినవాళ్లు పెద్దయ్యాక తమ పాత రికార్డులు అడిగి తీసుకోవచ్చు. అమ్మ పేరు ఆ కాగితంలో దొరికింది, కిట్‌లో కాదు. ఆ పేరు కజిన్‌కి పంపితే, అమ్మ 2009లోనే పోయిందన్న కబురు అదే చాట్ పెట్టెలో వచ్చింది. ఈయన అప్పుడు ఆఫీసు క్యాంటీన్‌లో ఉన్నారు. ఇలాంటివి తెలిసేటప్పుడు పక్కన ఒక మనిషి ఉండాలి. కంపెనీ దగ్గర ఆ ఏర్పాటేమీ లేదు. అందుకే ఒక స్టార్ కోశాను.

రెండో స్టార్ కోసింది ఎందుకంటే, ఆ కజిన్ వీళ్లమ్మ అక్కగారి కూతురు. క్రీలో అమ్మ చెల్లెలు 'నికావీస్', అంటే అచ్చంగా మన చిన్నమ్మ. పెద్దమ్మ, పిన్ని పిల్లలు వాళ్లకీ తోబుట్టువులే. మొదటి వీడియో కాల్‌లోనే ఆవిడ "నన్ను నిమిస్ అని పిలు" అంది. నిమిస్ అంటే మా అక్క. ఈయనకి ఆ మాట పలకడం రాక నాలుగుసార్లు అనిపించుకుంది, ఇద్దరూ నవ్వుకున్నారు. 'కజిన్' తీసి 'అక్క' అని పెట్టుకునే వీలుందా అని కస్టమర్ కేర్‌కి రాశాను. ఆటోమేటిక్ జవాబొచ్చింది, రెండో కిట్ మీద డిస్కౌంట్ కోడ్‌తో సహా.