ఒకే నవల, రెండు సినిమాలు: ఏది ముందు చూడాలి?

ఎడ్వర్డ్ ఆండర్సన్ 1937లో రాసిన ‘థీవ్స్ లైక్ అస్’ నవలను హాలీవుడ్ రెండుసార్లు సినిమాగా తీసింది. నికొలస్ రే తీసిన ‘దే లివ్ బై నైట్’ (1948) మొదటిది. నవల పేరుతోనే రాబర్ట్ ఆల్ట్‌మన్ తీసింది 1974లో వచ్చింది. జైలు నుంచి పారిపోయి బ్యాంకులు దోచే ముఠాలో కుర్రాడు బోవీ, అతన్ని ప్రేమించే కీచీ. రెండింటిలోనూ కథ ఇదే.

రే సినిమా బ్లాక్ అండ్ వైట్. పారిపోతున్న కారును హెలికాప్టర్ నుంచి తీసిన షాట్ చూస్తుంటే ఇప్పటికీ టెన్షన్ పుడుతుంది. కానీ ఆయన మనసంతా ఆ జంట మీదే. ఫార్లీ గ్రేంజర్, కాథీ ఓడొన్నెల్ మొహాల్లో భయం, ఆశ ఒకేసారి కనిపిస్తాయి. ఎక్కడికి పోతారో పాపం, అని నేను నిజంగానే దిగులుపడ్డాను.

ఆల్ట్‌మన్ మిసిసిపీకి వెళ్లి తీశాడు. 1930ల నాటి పేదరికం, తడిసిన పచ్చదనం, ఎక్కడ చూసినా కోకాకోలా సీసాలు. విడిగా నేపథ్య సంగీతం లేదు, ఆ పని రేడియోయే చేస్తుంది. ఇద్దరూ దగ్గరైన వేళ రేడియోలో రోమియో జూలియట్ నాటకం వస్తుంటుంది, అనౌన్సర్ అదే వాక్యం మళ్లీ మళ్లీ చెబుతుంటాడు. కీచీగా షెల్లీ డువాల్ అసలు నటిస్తున్నట్టే ఉండదు. సినిమా నడక మాత్రం నిదానం, ఓపిక కావాలి.

ప్రేమకథ కోసమైతే రే సినిమా, ఆ ఊళ్లు, ఆ కాలం కోసమైతే ఆల్ట్‌మన్‌ది. నా ఓటు రే సినిమాకే. ముందు అదే చూడండి, రెండోది వారం ఆగి చూడండి.