మాటా, చూపా, స్పర్శా? ఆకర్షణ మీద షార్ట్ ఫిల్మ్‌కి ఏది మేలు

ఆస్కార్ లెక్క ప్రకారం టైటిల్స్‌తో కలిపి 40 నిమిషాలు దాటకపోతే అది షార్ట్ ఫిల్మే. పావుగంటలో కథ ముగించేవాళ్లకు అంత వెసులుబాటు కూడా ఉండదు. అందుకే పాత్ర మనసులోని కోరికను వాయిస్ ఓవర్‌లో చెప్పించేద్దామనిపిస్తుంది. ఖర్చు తక్కువ, నటన కాస్త తేలిపోయినా గొంతు ఆదుకుంటుంది.

ఒక లిఫ్ట్ సీన్ అనుకోండి. ఇద్దరే ఉన్నారు. ఆమె దిగాల్సిన అంతస్తు వచ్చింది. తలుపు తెరుచుకుంది, మళ్లీ మూసుకుంది. ఆమె కదల్లేదు. అతను అంతస్తు నంబరు వంకే చూస్తున్నాడు, మెడ దగ్గర మాత్రం గుటక కనబడింది. ఇక్కడ "ఇంకో నిమిషం అతనితో ఉండాలనిపించింది" అని వినిపిస్తే, ప్రేక్షకుడు తనంతట తాను పట్టుకున్నదాన్ని మనం చేతిలోంచి లాక్కున్నట్టే.

చూపు బలం నిజానికి ఎడిటింగ్‌లో ఉంది. సుమారు వందేళ్ల కిందట సోవియట్ దర్శకుడు లెవ్ కులెషోవ్ ఒకే నటుడి ముఖాన్ని వేరువేరు షాట్ల పక్కన అతికించాడు. ఎక్కువగా చెప్పుకునే కథనంలో సూప్ గిన్నె పక్కన ఆ ముఖంలో ఆకలి, శవపేటిక పక్కన దుఃఖం, వాలి కూర్చున్న స్త్రీ పక్కన కోరిక కనిపించాయట. ముఖం మాత్రం మారలేదు! కాబట్టి మీ హీరో కళ్లతో అభినయం ఒలకబోయక్కర్లేదు. అతను దేన్ని చూస్తున్నాడో, ఎంతసేపు చూస్తున్నాడో చూపిస్తే చాలు. మరీ సాగదీస్తే అది ఆకర్షణలా కాదు, వెంటపడుతున్నట్టు ఉంటుంది. ఎదుటివాళ్లు తిరిగి చూసే షాట్ ఒక్కటైనా పడాలి.

వాయిస్ ఓవర్ అసలే పనికిరాదని కాదు. 1945లో డేవిడ్ లీన్ తీసిన 'బ్రీఫ్ ఎన్‌కౌంటర్' చాలావరకు దానిమీదే నడుస్తుంది. అందులో కథానాయిక లారా మనసులో మాట్లాడేది ఎదురుగా కూర్చున్న భర్తతో, తను మరొకర్ని ప్రేమించానని, ఆయనకు ఎన్నటికీ చెప్పలేని సంగతి. వినాల్సిన మనిషి అక్కడే ఉన్నాడు కాబట్టి ఆ గొంతుకు బరువొచ్చింది. మీ కథలో అలాంటి మనిషి లేకపోతే వాయిస్ ఓవర్ జోలికి పోవద్దు.

స్పర్శ విషయానికొస్తే, అదే సినిమాలో లారా, ఆమె ప్రేమించిన మనిషి చివరిసారి విడిపోయే వేళ మధ్యలో ఓ వాగుడుకాయ స్నేహితురాలు వచ్చి కూర్చుంటుంది. అతను వెళ్తూ లారా భుజం మీద చెయ్యి వేసి నొక్కుతాడు, అంతే. కౌగిలింతలూ ముద్దులూ కావాలంటే నటీనటులతో ఏది సరే, ఏది వద్దు అన్నది షూటింగ్‌కి ముందే మాట్లాడుకోవాలి. హడావిడి యూనిట్‌లో ఇదే మొదట ఎగిరిపోతుంది.

నా ఓటు చూపుకే. ఆ లిఫ్ట్ సీన్ నాకిస్తే రీరికార్డింగ్ (నేపథ్య సంగీతం) కూడా ఆపేస్తాను. తలుపు మూసుకునే చప్పుడు చాలు.