లియోపోల్డో త్రియెస్తె: ఏళ్ల తరబడి చూస్తూ వచ్చాక నా మాట

'గాడ్‌ఫాదర్' రెండో భాగం (1974) చూసిన ప్రతివాళ్లకీ ఈ ఇటాలియన్ నటుడు తెలుసు, పేరే తెలీదు. ముందుముందు మాఫియా పెద్ద కాబోయే కుర్ర వీటో కొర్లియోనె, భర్త పోయిన ఒకావిడని ఇల్లు ఖాళీ చేయించొద్దని అడిగితే విదిలించి పారేసే ఇంటి ఓనర్ ఉన్నాడే, సిన్యోర్ రాబెర్తో, ఆయనే. తర్వాత వీటో ఎవరో ఆరా తీసుకుని, టోపీ చేత్తో పట్టుకుని పరిగెత్తుకొస్తాడు. అద్దె పెంచనంటాడు, అవతలివాడు పలక్కపోయేసరికి అయిదు డాలర్లు తగ్గిస్తానంటాడు, ఆపైన పది. పోదామంటే తలుపు తెరుచుకోదు. అంతమంది ఉద్దండులున్న సినిమాలో ఆ రెండు నిమిషాలూ ఈయనవే.

నేను ఈయన్ని అక్కణ్ణుంచి వెనక్కి వెతుక్కుంటూ వెళ్లాను. 1917లో దక్షిణ ఇటలీలోని రెజ్జో కలాబ్రియాలో పుట్టాడు. అసలు వృత్తి నాటక రచన. నటుడిగా నిలబెట్టింది దర్శకుడు ఫెల్లీని. 'ది వైట్ షేక్' (1952)లో ఈయన ఇవాన్ కవాల్లి: కొత్త పెళ్లాంతో రోమ్‌కి హనీమూన్‌కి వచ్చిన చిన్న ఊరి గుమాస్తా. ఎన్నింటికి ఎక్కడుండాలో టైమ్ టేబుల్ వేసుకొచ్చాడు, పోప్ దర్శనంతో సహా. పెళ్లామేమో ఫోటో కథల పత్రికలో హీరోని చూడ్డానికి చెప్పాపెట్టకుండా వెళ్లిపోతుంది. బంధువులు కింద ఎదురుచూస్తుంటారు. ఆవిడకి ఒంట్లో బాలేదని చెబుతూ నవ్వడానికి ప్రయత్నించే ఆ మొహం చూడండి. పెదాలు నవ్వుతాయి, కళ్లు మాత్రం గుడ్లు బయటికొచ్చేలా తలుపు వైపే ఉంటాయి. వీధిలో పరిగెడుతున్న సైనికుల బ్యాండు మధ్యలో ఇరుక్కుపోయిన సీను ఎన్నిసార్లు చూసినా నాకు నవ్వాగదు. అదే మనిషి రాత్రి ఖాళీ కూడలిలో కూర్చుని ఏడుస్తుంటే జాలేస్తుంది.

నా లెక్కలో ఈయన పాత్రలన్నిటికీ మూలం ఒకటే: పరువు పోతోందన్న టెన్షన్. పోయిన పరువు కాదు, పోతున్న పరువు. 'ఇ వితెల్లోని' (1953)లో రాత్రిళ్లు కూర్చుని నాటకాలు రాసుకునే కుర్రాడు. పేరూ లియోపోల్డోయే. ఊరికొచ్చిన పెద్ద నటుడికి తన నాటకం చదివి వినిపిస్తూ ఆనందంతో ఊగిపోతాడు. ఆ పెద్దమనిషి గాలి హోరులో చీకటి సముద్రపొడ్డుకి రమ్మనేసరికి, సంగతి అర్థమై పారిపోతాడు. స్వయంగా నాటకకర్త అయిన మనిషి ఈ వేషం వేశాడంటే గుండె ధైర్యం ఉండాలి.

దర్శకుడు పియెత్రో జెర్మి సినిమాల్లో ఇంకా ముదిరాడు. 'సెడ్యూస్డ్ అండ్ అబాండన్డ్' (1964)లో పళ్లూడిన, దివాలా తీసిన, చావాలని చూసే బారన్, అంటే జమీందారు లాంటివాడు. సారో ఊర్జీ ఆ సినిమాకి కాన్ ఫిల్మ్ ఫెస్టివల్‌లో ఉత్తమ నటుడయ్యాడు, న్యాయమే. కానీ నేను మళ్లీ మళ్లీ పెట్టుకునేది బారన్ సీన్లే. 'డివోర్స్ ఇటాలియన్ స్టైల్' (1961)లోని చిత్రకారుడు కార్మెలో పాత్ర కొంచెం తక్కువే అనిపించింది. అక్కడ కథంతా హీరో మాస్ట్రొయాని మీదే నడుస్తుంది.

ఒక హెచ్చరిక. ఆ రోజుల్లో ఇటలీలో డైలాగు తర్వాత డబ్బింగ్ చెప్పించడం మామూలు, చాలాసార్లు వేరేవాళ్ల చేత. 'ఇ వితెల్లోని'లో నటుడు ఫ్రాంకో ఫాబ్రీత్సికి గొంతిచ్చింది ఇంకో నటుడు నీనో మన్‌ఫ్రెది. కాబట్టి గొంతుని బట్టి ఎవరినీ అంచనా వేయకండి. పైగా మనం ఇంగ్లీషు సబ్‌టైటిల్స్ చదువుతూ కూర్చుంటే ఈయన కళ్లు మిస్సవుతాం. ఒకసారి కథ తెలిశాక, ఇష్టమైన సీన్లు సబ్‌టైటిల్స్ తీసేసి చూడండి.

అసంతృప్తులూ ఉన్నాయి. తర్వాత్తర్వాత దర్శకులు ఈయన్ని తాలింపులా వాడుకున్నారు. మారియో బావా తీసిన 'ఎ బే ఆఫ్ బ్లడ్' (1971)లో పురుగులు సేకరించే మనిషిగా బాగుంటాడు, సినిమా మాత్రం నాకు ఎక్కలేదు. 'కలిగుల' (1979) జోలికైతే ఈయన కోసం వెళ్లక్కర్లేదు. ముసలితనంలో ఆదుకున్నది దర్శకుడు తోర్నతోరె. 'సినిమా పరాదిసో' (1988)లో తెర మీద ముద్దు కనబడగానే గంట వాయించే ఫాదర్ ఈయనే. గంట కొట్టేముందు ఆ ముద్దుని కాస్త చూసి మరీ కొడతాడు! 'ది స్టార్ మేకర్' (1995)లో మూగవాడి పాత్రకి ఇటలీ సినిమా అవార్డు దవీద్ ది దొనాతెల్లో వచ్చింది. 2003లో రోమ్‌లో పోయాడు.

కొత్తగా చూసేవాళ్లు 'ది వైట్ షేక్'తో మొదలుపెట్టండి, గంటన్నర కూడా పట్టదు. అది నచ్చకపోతే మిగతావాటి మీద డబ్బులు పెట్టకండి. నచ్చితే నేరుగా బారన్ దగ్గరికి వెళ్లిపోండి.