అడిస్ అబాబాలో వెన్న: ముద్దా, ప్యాకెట్టా?

ఇథియోపియా రాజధాని అడిస్ అబాబాలోని పెద్ద బజారు మెర్కాటోలో విడిగా అమ్మే వెన్న ముద్దను కిబే అంటారు. మన ఇళ్లలోలాగే పులిసిన పాలు చిలికి తీస్తారు, కాబట్టి ఆ పుల్లటి వాసన సహజం. తాజాది 'లెగా', ముదిరి ఘాటెక్కినది 'బెసాల్'. ప్యాకెట్ వెన్న డెయిరీలో మీగడతో తయారవుతుంది. అందులో సాధారణంగా కొవ్వు 80 శాతం, నీరు 16 శాతం లోపు. రొట్టెకు రాయడానికి అదే నయం. డోరో వొట్ అనే కోడికూరలోకి మాత్రం చప్పన.

ఆ కూరకు నిటెర్ కిబే, అంటే మసాలా వేసి కాచిన నెయ్యి కావాలి. కిలో ముద్దను సన్నసెగన కరిగించి, నురుగు తీసి, ఉల్లి, వెల్లుల్లి, అల్లం, కొరెరిమా (ఇథియోపియా ఏలకి), కొసెరెట్ (వాసన ఆకు), బెసోబెలా (ఒక రకం తులసి) వేసి చిటపటలు ఆగేదాకా కాచి వడకట్టాలి. తొందరపడి దించితే నీరు మిగిలి నిలవుండదు. మంట పెంచితే మసాలా మాడి చేదెక్కుతుంది. ఉప్పు కలిపిన ప్యాకెట్ వెన్నతో ఈ పని పెట్టుకోవద్దు, ఉప్పంతా అడుగున పేరుకుంటుంది.

ముద్దలో వనస్పతి, నీళ్లు కలిపే బెడద ఉంది. కొనేముందు చిన్న ముక్క కరిగించి చూడండి: నీళ్లెక్కువైతే అడుగున వేరుపడతాయి. వనస్పతి కలిపితే అంత సులువుగా పట్టుబడదు, వాసన చూడటమే దిక్కు. ఫసికా (ఈస్టర్) ముందు 55 రోజుల ఉపవాసంలో వెన్న తినరు కాబట్టి గిరాకీ తగ్గుతుంది. కొని కాచి దాచుకోవడానికి అదే అదను.