మా మిద్దె మీది మూడు కిలోవాట్ల సోలార్: ఏడాది వాడాక

కడప ఎర్రముక్కపల్లెలోని మా మిద్దె మీద మూడు కిలోవాట్ల సోలార్ పెట్టించి ఏడాది దాటింది. పెట్టించుకోవాలనుకునే బంధువులందరూ అడిగేది ఒకటే, పెట్టిన డబ్బు దండగ కాదు కదా అని. దండగ కాదు. అయితే బిగించినవాళ్ళు మాకు చెప్పకుండా వదిలేసిన విషయాలు కొన్ని ఉన్నాయి, అవి ముందే తెలిసి ఉండటం మంచిది.

మొత్తం 1,85,000 రూపాయలు అయింది. 2024 ఫిబ్రవరిలో కేంద్రం మొదలుపెట్టిన సూర్యఘర్ పథకం కింద 78,000 సబ్సిడీ తర్వాత నేరుగా మా ఖాతాలో పడింది. ఆరు ప్యానెళ్ళు, వాటి కరెంటును ఇంటి కరెంటుగా మార్చే ఇన్వర్టర్, ఎర్తింగ్ పని రెండు రోజుల్లో శుభ్రంగా ముగించిన కంపెనీ, మనం లైనుకిచ్చే కరెంటునూ తీసుకునే కరెంటునూ లెక్కించే నెట్ మీటరు విషయంలో మాత్రం నెలన్నర తిప్పింది. ఎప్పుడడిగినా రేపు, ఎల్లుండి అన్నారే గాని దరఖాస్తు ఎక్కడ ఆగిందో చెప్పలేదు.

సగటున రోజుకు పన్నెండు యూనిట్లు వస్తున్నాయి. థర్మల్ కేంద్రంలో ఒక యూనిట్ కరెంటుకు దాదాపు 700 గ్రాముల బొగ్గు కాలుతుంది కాబట్టి, మా మిద్దె రోజూ ఎనిమిది కిలోల బొగ్గును మిగులుస్తున్నట్టు లెక్క. ఈ లెక్క నాకు ఉత్త అంకె కాదు. ముద్దనూరు దగ్గరి రాయలసీమ థర్మల్ కేంద్రంలో మా మామ బొగ్గు దించే చోట పనిచేసేవాడు. అన్నానికి కూర్చునే ముందు సబ్బుతో ఎంత రుద్దినా ఆయన గోళ్ళ సందుల్లో నలుపు పోయేది కాదు. 1871లో ఇల్లెందు దగ్గర భూగర్భ శాస్త్రవేత్త విలియం కింగ్ గుర్తించిన బొగ్గే సింగరేణి అయింది, ఆ సింగరేణి వ్యాగన్లే 1,650 మెగావాట్ల ఈ కేంద్రం దాకా వచ్చాయి. మా తరం దీపం కింద కాకుండా బల్బు కింద చదువుకున్నదంటే ఆ చేతుల వల్లే, అందుకని బొగ్గును తేలిగ్గా తీసిపారేసే మాట నా నోట రాదు.

ఇక చెప్పకుండా వదిలేసినవి. మొదటిది, కరెంటు పోతే ఈ సోలార్ కూడా ఆగిపోతుంది. స్తంభమెక్కిన లైన్‌మన్‌కు మన మిద్దె మీది కరెంటు తగలకుండా ఇన్వర్టర్ తానే ఆగేలా చేసిన ఏర్పాటు అది, మంచి ఏర్పాటే; కానీ మిట్టమధ్యాహ్నం ఎర్రటి ఎండలో ఫ్యాను ఆగినప్పుడు గాని మాకు తెలియలేదు. రెండవది, ఎండ ఎంత మండితే అంత కరెంటు అనుకోవడం పొరపాటు. ప్యానెల్ వేడి 25 డిగ్రీలు దాటాక ప్రతి డిగ్రీకీ దిగుబడి ఒక శాతంలో మూడో వంతు దాకా తగ్గుతుంది. మాకు ఫిబ్రవరి, మార్చి నెలల్లో వచ్చినన్ని యూనిట్లు మే నెలలో రాలేదు. దుమ్ము కడగటానికి మా బోరు నీళ్ళు వాడితే అద్దం మీద తెల్లటి ఉప్పు పొర కట్టింది. ఇప్పుడు తెల్లవారుజామున, ప్యానెళ్ళు వేడెక్కకముందే, మంచినీళ్ళతో తుడుస్తున్నాము.

బిల్లు సున్నాకు దగ్గరగా వచ్చినా రాత్రి మా కూలరు తిరిగేది ఎక్కువగా బొగ్గు కరెంటుతోనే. కర్నూలు వైపు గని, శకునాల అనే ఊళ్ళ దగ్గర 2017లో వచ్చిన 1,000 మెగావాట్ల సోలార్ పార్కుకూ ఇదే చిక్కు, పొద్దుగూకితే ఆగుతుంది. పగటి కరెంటుతో నీళ్ళు పైకి తోడి, సాయంత్రం కిందికి వదిలి కరెంటు తీసే పిన్నాపురం పథకం వంటివి పెరిగితేనే ఆ వ్యాగన్ల అవసరం నిజంగా తగ్గుతుంది.

మళ్ళీ పెట్టించాల్సి వచ్చినా ఇదే పెట్టిస్తాను. ఆఖరి వాయిదా మాత్రం నెట్ మీటరు తిరిగాకే ఇస్తాను.