గౌరా మొక్క: తెల్లదా, గులాబీదా? నల్లరేగడిలో ఏది మేలు?

మొన్న ప్లేనో నుంచి మా వదిన ఫోన్ చేసి, "నర్సరీకి వచ్చా, గౌరా తెల్లదీ ఉంది, గులాబీదీ ఉంది, ఏది తీసుకోను?" అని అడిగింది. ఫోన్లో తేలే విషయం కాదు. నేను 2019 నుంచి రెండూ పెంచుతున్నాను కాబట్టి డాలస్ చుట్టుపక్కల ఉన్న మనవాళ్లందరికీ పనికొస్తుందని వివరంగా రాస్తున్నా.

గౌరా టెక్సస్, లూసియానా వైపు దానంతటదే మొలిచే పూల మొక్క. జర్మనీ నుంచి వచ్చి న్యూ బ్రాన్‌ఫెల్స్‌లో స్థిరపడి ఇక్కడి మొక్కలెన్నో సేకరించిన లిండ్‌హైమర్ పేరు దీని శాస్త్రీయ నామంలో పెట్టారు. శాస్త్రవేత్తలు ఇప్పుడు దీన్ని ఈనోథెరా జాతిలో కలిపేశారు గానీ, నర్సరీలో అడగాలంటే గౌరా అనే అడగండి. గౌర అంటే మనకు తెలుపు కదా, అందుకే ఆ పేరు వచ్చిందనుకున్నాను చాలా రోజులు. నిజానికి అది గ్రీకు మాట, దర్జాగా ఉండేది అని అర్థం.

తెల్లదాంట్లో ఎక్కువగా దొరికేది వర్లింగ్ బటర్‌ఫ్లైస్ అనే రకం. మూడడుగుల దాకా పెరుగుతుంది. సన్నటి కాడల చివర మొగ్గలు కింద నుంచి పైకి వరసగా విచ్చుకుంటూ పోతాయి. పొద్దున్నే కాఫీ పట్టుకుని దగ్గరికి వెళ్లి చూడండి: నాలుగు రేకులూ పైవైపుకే తిరిగి, కింద పొడుగాటి కేసరాలు మీసాల్లా వేలాడుతుంటాయి. ఒక్కో పువ్వు ఆయుష్షు ఇంచుమించు ఒక్క రోజే, వాడిపోయే ముందు లేత గులాబీ రంగు తిరుగుతుంది. అందుకే తెల్లది కొన్నా ఒకే కాడ మీద రెండు రంగులూ కనిపిస్తాయి. ఇందులో గింజ కట్టడం తక్కువ కాబట్టి పూత ఎక్కువ కాలం సాగుతుంది, పెరడంతా గింజలు పడి మొలిచే బాధా ఉండదు.

గులాబీ రకం సిస్కియూ పింక్. ఇది రెండడుగులు దాటదు. మొగ్గ ముదురు రంగు, ఆకుల మీద ఎర్రటి మచ్చలు, పువ్వు లేకపోయినా అందంగానే ఉంటుంది. గుమ్మం పక్కన, నడిచే దారి అంచున ఇదే బాగుంటుంది. కానీ నా అనుభవంలో గులాబీది కాస్త సుకుమారం. పక్కపక్కనే పెట్టిన నాలుగింట్లో రెండు గులాబీవీ రెండో చలికాలం దాటలేదు, తెల్లవి రెండూ ఇప్పటికీ ఉన్నాయి.

చలి వల్ల అనుకునేరు, కాదు. ఎండ, చలి రెండూ తట్టుకుంటుందీ మొక్క. 2021 ఫిబ్రవరిలో డాలస్‌లో సున్నా ఫారెన్‌హీట్ కన్నా కిందికి పోయినప్పుడు కూడా నేలలో ఉన్న తెల్లవి పైన ఎండిపోయి, వేసవికి ముందే మొదట్లోంచి చిగురేశాయి. కుండీలో ఉన్నది మాత్రం పోయింది, వేరు చుట్టూ సరిపడా మట్టి లేక గడ్డకట్టింది. నేలలో గౌరాని చంపేది తడి. మన గుంటూరు నల్లరేగడి ఎలా ఉంటుందో ఇక్కడి మట్టీ అలాంటిదే, ఎండకు నెర్రెలిస్తుంది, వానకు బంకలా పట్టేస్తుంది. నా గులాబీవి చచ్చిన చోటు స్ప్రింక్లర్ తల పక్కనే ఉంది. పీకి చూస్తే వేరు మొదలు మెత్తబడి నల్లగా ఊడొచ్చింది.

అందుకే రంగు కన్నా ముందు చోటు చూసుకోండి. కనీసం ఆరు గంటల ఎండ ఉండాలి. నేలను ఆరేడు అంగుళాలు ఎత్తుగా గట్టులా చేసి, మట్టిలో ఎక్స్‌పాండెడ్ షేల్ (కాల్చి ఉబ్బించిన రాతి ముక్కలు) కలపండి, ఆవు ఎరువు మాత్రం దండిగా వేయకండి. బలం ఎక్కువైతే కాడలు సాగి వానకు నేల మీద పడిపోతాయి, అప్పుడు తెల్లది చూడ్డానికి చిందరవందరగా ఉంటుంది. కొత్తలో రెండు మూడు రోజులకోసారి నీళ్లు, వేరు పట్టాక పై మట్టి బాగా ఆరితేనే. డాలస్‌లో ఎలాగూ వారానికి రెండు రోజులకు మించి స్ప్రింక్లర్ పెట్టకూడదు, గౌరాకి అది కూడా ఎక్కువే.

ఇంకోటి, పెద్ద కుండీలో గుబురుగా ఉన్నదా, చిన్నదా అంటే కళ్లు మూసుకుని చిన్నది తీసుకోండి. దీని వేరు ముల్లంగిలా నిటారుగా కిందికి పోతుంది, ముదిరాక కదిపితే తట్టుకోదు. ఒకసారి మే నెలలో రెండేళ్ల మొక్కను చోటు మారుద్దామని తవ్వాను, అడుగు లోతుకు వెళ్లినా వేరు చివర దొరకలేదు, చివరికి పటుక్కున విరిగింది, వారంలో మొక్క పోయింది. చాలా బాధేసింది. పెట్టేటప్పుడే చోటు ఖాయం చేసుకోండి.

ఒకే ఒక్క మొక్క కొనేవాళ్లకు నా మాట తెల్లదే. కంచె పక్కన, గాలి ఆడే చోట పెట్టండి. అపార్ట్‌మెంట్ బాల్కనీ అయితే గులాబీది, కానీ కుండీ కనీసం అడుగున్నర లోతుండాలి, కింద చిల్లులు ఉండాలి, గట్టి చలికి గోడ వారకు జరపాలి. రెండింటికీ జూన్‌లో పూత తగ్గగానే సగానికి కత్తిరించండి. జులై, ఆగస్టు ఎండలకు కాస్త నీరసిస్తాయి, సెప్టెంబర్‌లో మళ్లీ విరగబూస్తాయి. చలికాలంలో ఎండిన కాడలు కోయకుండా ఫిబ్రవరి చివరిదాకా ఉంచండి.

వదిన తెల్లవి రెండు తెచ్చుకుంది. వచ్చే శనివారం వెళ్లి గట్టు పోసి పెట్టాలి.