స్క్రాచ్‌కి ఏది మేలు: అసలు రికార్డా, టైమ్‌కోడ్ రికార్డా?

1970లలో బ్రాంక్స్‌లో గ్రాండ్ విజార్డ్ థియోడర్ తిరుగుతున్న రికార్డును చేత్తో ముందుకూ వెనక్కూ లాగి స్క్రాచ్‌ను పుట్టించినప్పుడు వేలికీ ధ్వనికీ మధ్య సూది ఒక్కటే ఉండేది. 2000ల మొదట్లో టైమ్‌కోడ్ వచ్చి మధ్యలో కంప్యూటర్‌ని పెట్టింది. ఆ రికార్డులో పాట ఉండదు, కీచుమనే సంకేతం ఉంటుంది. సాఫ్ట్‌వేర్ దాన్ని చదివి ఫైలును కదుపుతుంది.

పళ్ళేన్ని మోటారు బెల్టుతో తిప్పే బెల్ట్ టర్న్‌టేబుల్ మాత్రం ఈ రెంటిలో దేనికీ పనికిరాదు. చెయ్యి తీశాక పళ్ళెం వేగం అందుకోదు. మోటారే నేరుగా పళ్ళేన్ని తిప్పే డైరెక్ట్ డ్రైవే కావాలి. 1979 నాటి టెక్నిక్స్ ఎస్‌ఎల్-1200 ఎంకే2 నిలిచిన చోటి నుంచి 0.7 సెకన్లలో పూర్తి వేగం అందుకుంటుంది.

నేర్చుకునేవారికి అసలు రికార్డే మేలు, అందులోనూ స్కిప్‌లెస్ రకం. నిమిషానికి 33⅓ చుట్ల వేగంలో ఒక చుట్టుకి 1.8 సెకన్లు. ఈ రికార్డుల్లో ప్రతి చుట్టులోనూ అదే ధ్వని అదే చోట ఉంటుంది కాబట్టి, సూది పక్క గాడిలోకి దూకినా చేతి కింద స్క్రాచ్ చేస్తున్న అదే ‘ఆఆ’ ధ్వని దొరుకుతుంది. ధ్వని మొదలయ్యే చోటికి గుర్తుగా అంచున అంటించిన స్టిక్కర్ కూడా ఎప్పుడూ నిజమే చెబుతుంది. చెయ్యి ఎక్కడుందో కళ్ళకు తెలియడం మొదటి నెలల్లో చాలా విలువైనది. లోపం అరుగుదల: ఒకే చోట రోజూ రుద్దితే గాడి బుసలు కొడుతుంది. సూది దూకుతోందని బరువు పెంచుకుంటూ పోతే అరుగుదల ఇంకా త్వరపడుతుంది. ముందు స్లిప్‌మ్యాట్ (రికార్డు కింద వేసే జారే గుడ్డ) కింద పల్చటి మైనపు కాగితం వేసి, రికార్డు మీద చేతి ఒత్తిడి తగ్గించి చూడాలి.

టైమ్‌కోడ్‌లో స్క్రాచ్ చేసే ధ్వని అరగదు, కావలసిన ధ్వని ఏదైనా పెట్టుకోవచ్చు. కానీ సెకనుకి 44,100 శాంపిళ్ళ (44.1 కిలోహెర్ట్జ్) దగ్గర బఫర్, అంటే కంప్యూటర్ ఒక్కసారికి పోగుచేసుకునే ధ్వని ముక్క, 512 శాంపిళ్ళుంటే అదొక్కటే దాదాపు 11.6 మిల్లీసెకన్ల ఆలస్యం. ధ్వనిని తెరిచి మూసే క్రాస్‌ఫేడర్ మీటను వేళ్ళతో ఒకదాని వెంట ఒకటిగా తట్టే క్రాబ్ లాంటి వేగపు కోతలకు అది చేతికి తెలిసిపోతుంది. 128కి దించితే 2.9 మిల్లీసెకన్లే. చిటపటలు వస్తే ఒక మెట్టు పైకి. సూదికి దుమ్ము పట్టినా, ఎర్త్ తీగ వదులైనా సంకేతం చెడి పాట వణుకుతుంది. సూది ఎక్కడుందో కాక దాని కదలికను మాత్రమే లెక్కించే రిలేటివ్ మోడ్‌లో సూది దూకినా పాట ఆగదు, స్టిక్కర్ గుర్తు మాత్రం తప్పుతుంది.

వీడియో ప్రసారానికైతే టైమ్‌కోడే. దృశ్యాన్ని కూడా అదే చేత్తో స్క్రాచ్ చేయించే సాఫ్ట్‌వేర్ ఉంది. కెమెరా పైనుంచి, క్రాస్‌ఫేడర్ కనబడేలా, సెకనుకి 60 ఫ్రేములు పెట్టండి. 30 అయితే ఒక్కో ఫ్రేము 33 మిల్లీసెకన్లు, వేళ్ళు మసకబారతాయి. మిక్సర్ ధ్వని బొమ్మకంటే ముందే చేరుతుంది. కెమెరా ముందు క్రాస్‌ఫేడర్‌ను ఒక్కసారి టక్కున కొట్టి రికార్డు చేసుకుని, ఆ తేడా మేరకు ఆడియోకి ఆలస్యం కలపాలి.